చెన్నైలో పిల్లకి చిన్న పేరు పెట్టేముందు

రెండక్షరాల పేరైతే ఏ గోలా ఉండదనుకుంటాం గానీ చిన్న పేర్లకే మోత ఎక్కువండీ. మా అక్క కూతురికి సీత అని పెడదామనగానే మా పెద్దమ్మ "సీత కష్టాలు సీతవి అంటారే, ఆడపిల్లకి ఎందుకే ఆ పేరు" అని మొదలెట్టింది, వారం రోజులు ఇంట్లో అదే టాపిక్. అందుకే పేరు అనుకోగానే ముందు పెద్దవాళ్ల దగ్గర ఓసారి అని చూడండి, వాళ్ల నోట ఫస్ట్ ఏ సామెత వస్తుందో వినండి. పుల్లయ్య అంటే వేమవరం, సుబ్బి అంటే ఎంకి చావు, ఇంకోటి గుర్తు రాదు.

అయితే ఊరు మారితే పేరు గుణం కూడా మారిపోతుంది. సుబ్బలక్ష్మి మనవాళ్లకి జోకుల్లో పేరైపోయింది పాపం, అదే పేరు మైలాపూర్‌లో చెప్పండి, 1998లో భారతరత్న అందుకున్న ఎం.ఎస్. సుబ్బులక్ష్మిగారే కళ్లముందుకొస్తారు, రెండువైపులా వజ్రపు ముక్కుపుడకలతో సహా. కాబట్టి ఎదురింటి తమిళ మామిని కూడా అడగండి.

తర్వాత పేరుని తమిళంలో రాయించి, విషయం చెప్పకుండా ఎవరితోనైనా చదివించండి, ఇది మాత్రం స్కిప్ చేయొద్దు. వాళ్లకి క ఖ గ ఘ నాలుగింటికీ ఒకటే అక్షరం, ప ఫ బ భ కీ అంతే. మేం భువి అని కూడా అనుకున్నాం, కింద ఇస్త్రీ అన్నకి చీటీ ఇస్తే "పువి" అన్నాడు, తమిళంలో దానికీ భూమి అనే అర్థం కాబట్టి నష్టమేం లేదు గానీ మన భ కాస్తా పోయింది. గీత, భాను లాంటివి అలవాటైన పేర్లు, సరిగ్గానే పలుకుతారు, కొత్త పేర్లకే తంటా. ఇంగ్లీష్ స్పెల్లింగ్‌లో కూడా ఇక్కడ త కి టీహెచ్ వేస్తారు, ఒట్టి టీ వేస్తే సీత సీటా అయిపోతుంది.

ఇనీషియల్ అంటే మనకి ఇంటిపేరు, ఇక్కడ నాన్న పేరు, ఏదో ఒకటి ఫిక్సయి అన్ని కాగితాల్లో అదే రాయండి.

తొందరపడక్కర్లేదు. పుట్టిన 21 రోజుల్లోపు రిజిస్టర్ చేయించాలి గానీ, పేరు ఖాళీగా వదిలేసినా ఏడాదిలోపు ఫ్రీగా చేర్పించుకోవచ్చు, ఆ తర్వాతైతే 15 ఏళ్ల వరకు లేట్ ఫీజు కట్టి.

మా అక్క పదో నెలలో వెళ్లి సీత అనే రాయించింది. పెద్దమ్మ మాత్రం ఇప్పటికీ చిట్టీ అనే పిలుస్తుంది.