1911 బ్రిటన్ జనాభా లెక్కల్లో సఫ్రజెట్లని ఎలా వెతకాలి

సెర్చ్‌లో పేరు కొట్టి రాలేదు కదా అని వదిలెయ్యకండి, మనం వెతికే సఫ్రజెట్లు, అంటే ఆడవాళ్ళకి ఓటు కోసం పోరాడినవాళ్ళు, కావాలనే లెక్కకి దొరక్కుండా పోయారు. 1911 ఏప్రిల్ 2 ఆదివారం రాత్రి లెక్క, ఓటు లేనప్పుడు మమ్మల్ని ఎందుకు లెక్కపెడతారు అని విమెన్స్ ఫ్రీడమ్ లీగ్ అనే సఫ్రజెట్ల సంఘం బహిష్కరణకి పిలుపిచ్చింది, తర్వాత ఎమిలీన్ పాంఖర్స్ట్ నడిపిన ఇంకో సంఘం డబ్ల్యూఎస్‌పీయూ కూడా కలిసింది. ఫారం నింపకపోతే 5 పౌండ్ల దాకా ఫైన్ పడొచ్చని తెలిసే చేశారు. పైగా ఆ ఏడే మొదటిసారి పెళ్ళైన ఆడవాళ్ళని పెళ్ళై ఎన్నేళ్ళైంది, ఎంతమంది పిల్లలు పుట్టారు, అందులో ఎంతమంది పోయారు అని అడిగారు, అలాంటి ప్రశ్న అడిగే ప్రభుత్వాన్ని ఎన్నుకునే హక్కు మాత్రం వాళ్ళకి లేదు.

ఇప్పుడు వెతకడం. ఇంగ్లండ్, వేల్స్ ఫారాలు అక్కడి నేషనల్ ఆర్కైవ్స్‌లో ఆర్‌జీ 14 అనే సిరీస్‌లో ఉన్నాయి, స్కాన్లు ఆన్‌లైన్‌లో డబ్బు కట్టి చూడొచ్చు. ఐర్లండ్‌వి ఫ్రీగానే దొరుకుతాయి. టైప్ చేసిన ఇండెక్స్‌ని నమ్ముకోవద్దు, స్కాన్ తెరవాల్సిందే, ఎందుకంటే ఇంగ్లండ్, వేల్స్‌లో ఇంటివాళ్ళు సొంత చేత్తో నింపిన ఫారం అలాగే దాచింది 1911తోనే మొదలు, అంతకుముందువన్నీ ఎన్యూమరేటర్, అంటే లెక్కలు రాసుకునే ఉద్యోగి, తన పుస్తకంలోకి ఎక్కించిన కాపీలే. ఫారం మీద అడ్డంగా రాసిన మాటలు, మార్జిన్లు, చేతిరాత ఎక్కడ మారింది, అన్నీ చూడండి. వైకల్యం కాలమ్ తప్పకుండా చూడాలి, కొంతమంది అక్కడే ఓటు లేకపోవడమే మా వైకల్యం అన్నట్టు రాశారు. 2009లో స్కాన్లు బయటపెట్టినప్పుడు ఆ కాలమ్ మూసేసి ఉంచారు, 2012 దాకా తెరవలేదు, అందుకని పాత కాపీ మీ దగ్గర ఉంటే మళ్ళీ కొత్తది తీసుకోండి.

సోఫియా దులీప్ సింగ్ ఫారం ఒక్కసారి చూస్తే ఇదంతా అర్థమైపోతుంది. ఈవిడ పంజాబ్ మహారాజు రంజిత్ సింగ్ మనవరాలు, సఫ్రజెట్, లండన్ దగ్గర హాంప్టన్ కోర్ట్‌లో ఉండేవారు. ఆడవాళ్ళు లెక్కలోకి రారు కాబట్టి లెక్కపెట్టించుకోరు అని ఫారం మీద రాసేశారు, వివరాలేమో అధికారి తనకి తెలిసినంత చేర్చుకున్నాడు. నాకు ఎన్నిసార్లు చదివినా ఒళ్ళు పులకరిస్తుంది. ఇలాంటి ఫారాల్లో వయసు, పుట్టిన ఊరు తప్పుండొచ్చు, ఆ వివరాలు ఆవిడ చెప్పినవి కావు కదా.

రాసి ఎదిరించినవాళ్ళు ఇలా దొరుకుతారు, ఆ రాత్రి ఇంట్లో లేకుండా పోయినవాళ్ళే కష్టం. ముందు వాళ్ళ ఇంటి ఫారం తియ్యండి, భర్త ఉన్నాడు, పనిమనిషి ఉంది, భార్య లేదు అంటే అనుమానించాలి. తర్వాత ఆ ఊళ్ళో వాళ్ళు ఎక్కడ చేరారో చూడండి, లండన్‌లో ఆల్డ్‌విచ్ స్కేటింగ్ రింక్‌లో రాత్రంతా గడిపారు, మాంచెస్టర్‌లో డెనిసన్ హౌస్ అనే పెద్ద ఇంట్లో చేరారు, వింబుల్డన్ కామన్‌లో కారవాన్లలో ఉన్నారు. అలాంటి చోట్ల పేర్లు లేకుండా ఇంతమంది ఆడవాళ్ళు అని ఒక అంకె మాత్రమే ఉండొచ్చు.

ఒకే మనిషి రెండుచోట్ల కూడా దొరకొచ్చు. ఎమిలీ వైల్డింగ్ డేవిసన్ అనే సఫ్రజెట్ పార్లమెంటు భవనం కింది చాపెల్‌లో చీపుళ్ళు పెట్టే అలమరాలో దాక్కున్నారు, అదే భవనంలోని వెస్ట్‌మిన్‌స్టర్ హాల్ కింద దాక్కుని దొరికినట్టు ఒక ఫారంలో ఎక్కింది, ఉంటున్న ఇంటి ఫారంలోనూ పేరుంది. రెండూ రాసుకోండి, ఒకటి కొట్టెయ్యకండి.

కనపడని ప్రతి మనిషీ బహిష్కరించినట్టు కాదు, ప్రయాణంలో ఉండొచ్చు, ఇండెక్స్‌లో పేరు తప్పు పడుండొచ్చు. ఓటు కోసమే శాంతియుతంగా పనిచేసిన మిలిసెంట్ ఫాసెట్ సంఘం అసలు ఈ బహిష్కరణలో దిగలేదు, కాబట్టి మీరు వెతికే మనిషి ఏ సంఘమో ముందు తేల్చుకోండి. కోర్టు రికార్డుల కోసం టైమ్ పెట్టకండి, లెక్కల బాధ్యత చూసిన మంత్రి జాన్ బర్న్స్ కేసులు పెట్టొద్దనే నిర్ణయించారు. దానికి బదులు ఆ ఏప్రిల్ నెల ఓట్స్ ఫర్ విమెన్, ద ఓట్ అనే సఫ్రజెట్ల పత్రికలు, దొరికితే డైరీలు, ఉత్తరాలు చూడండి. ఏది దొరికినా స్కాన్‌తో పాటు ఆర్‌జీ 14 పక్కనున్న నంబర్, ఫారం మీది షెడ్యూల్ నంబర్ రెండూ నోట్ చేసుకోండి, పేరు లేని ఫారాన్ని మళ్ళీ వెతికి పట్టుకోవాలంటే ఆ నంబర్లే దారి.