ఇంట్లో బండి విప్పే ముందు: మాన్యువల్ విషయంలో జాగ్రత్తలు

మృగశిర కార్తె దగ్గర పడుతోందంటే వానలు మొదలయ్యేలోపు బ్రేకులు, చెయిన్, టైర్లు చూసుకోవాలన్న ఆలోచన బండి ఉన్న ప్రతివారికీ వస్తుంది. ఈమధ్య షెడ్డుకు వెళ్లకుండా ఫోన్‌లోకి మాన్యువల్ తెచ్చుకుని ఇంటి ముందే పని చేసుకునేవారు బాగా పెరిగారు. పాతికేళ్లు వర్క్‌షాప్‌లో పానా పట్టినవాడిగా ఆ పని ఎవరూ చేయవద్దని నేను అనను. కానీ పది రోజుల కిందట మా కాలనీలో జరిగినది చూశాక ఈ నాలుగు మాటలు రాయకుండా ఉండలేకపోతున్నాను. చేతికి గ్లవ్స్, జాకీకి తోడు స్టాండు వంటివి అందరికీ తెలిసినవే కనుక వాటి జోలికి వెళ్లను.

ఇరవై రెండేళ్ల కుర్రవాడు తన మోటారు సైకిల్ ముందు బ్రేకుకు ఆయిల్ మార్చుకున్నాడు. వాట్సాప్‌లో ఎవరో పంపిన సర్వీస్ మాన్యువల్‌ను ఎదురుగా పెట్టుకుని, అందులో చెప్పిన వరుసలోనే బ్రేకు గొట్టంలోని గాలి తీశాడు. సాయంత్రం లివర్ నొక్కి చూస్తే గట్టిగానే ఉంది. మర్నాడు ఉదయం చినుకుల్లో వంతెన దిగుతూ బ్రేకు పట్టేసరికి లివర్ హ్యాండిల్‌ను తాకింది కానీ బండి ఆగలేదు. ముందున్న ఆటోను గుద్దుకుని భుజం ఎముక విరగ్గొట్టుకున్నాడు. తరువాత అతని ఫోన్ తీసుకుని ఆ మాన్యువల్ తెరిచి చూశాను. మొదటి రెండు పేజీలు లేవు. బొమ్మలో లివర్ దగ్గరి మాస్టర్ సిలిండర్ నుంచి ఒకే గొట్టం నేరుగా చక్రం దగ్గర బ్రేకు పట్టే కాలిపర్‌కు దిగుతోంది. అతని బండిలో ఆ గొట్టం ముందు ఏబీఎస్ (బ్రేకు పట్టినప్పుడు చక్రం బిగుసుకుని జారకుండా చూసే ఏర్పాటు) యూనిట్‌లోకి వెళ్లి, అక్కడి నుంచి మరో గొట్టంగా చక్రం దగ్గరకు వస్తుంది. అతను పాటించినది అదే పేరుతో ఏబీఎస్ లేకుండా అమ్మిన పాత బండి పుస్తకం. యూనిట్‌లో గాలి చిక్కుకుంటే ఏం చేయాలో అది చెప్పలేదు, ఎందుకంటే ఆ బండిలో అసలు యూనిటే లేదు.

నా కళ్ల ముందు పాడైన బండ్లలో చాలావాటిని పాడుచేసింది ఈ ఒక్క పొరపాటే: మనది కాని బండి మాన్యువల్ పట్టుకుని మన బండిని విప్పడం. పని రాక చెడగొట్టుకున్నవారు తక్కువ. పని వచ్చి, శ్రద్ధగా చదివి, వేరే బండి పుస్తకాన్ని అక్షరం తప్పకుండా పాటించి చెడగొట్టుకున్నవారే ఎక్కువ.

పేరు ఒకటైనంత మాత్రాన బండి ఒకటి కాదు. రాయల్ ఎన్‌ఫీల్డ్ క్లాసిక్ 350 నే తీసుకోండి. 2021 సెప్టెంబరులో కొత్తది వచ్చేవరకు దానిలో ఉన్నది 346 సీసీల పుష్‌రాడ్ ఇంజిన్, బోర్ (సిలిండర్ వెడల్పు) 70 మిల్లీమీటర్లు, స్ట్రోక్ (పిస్టన్ కదిలే దూరం) 90. కొత్తదానిలో ఉన్నది ఓవర్‌హెడ్ క్యామ్‌తో పనిచేసే 349 సీసీల ఇంజిన్, బోర్ 72, స్ట్రోక్ 85.8. ఒకదాని పుస్తకంలోని ఇంజిన్ అధ్యాయం రెండోదానికి ఏమాత్రం పనికిరాదు, అయినా వెతికితే రెండూ ఒకే పేరుతో దొరుకుతాయి. అలాగే 2019 ఏప్రిల్ 1 నుంచి 125 సీసీలు దాటిన కొత్త మోటారు సైకిళ్లన్నింటికీ ఏబీఎస్ తప్పనిసరి అయింది. 2020 ఏప్రిల్ 1న పొగ కాలుష్యాన్ని తగ్గించే బీఎస్6 నియమాలు వచ్చినప్పుడు చాలా బండ్లలో కార్బురేటర్ పోయి ఫ్యూయల్ ఇంజెక్షన్ వచ్చింది. కార్బురేటర్ బండిలో పెట్రోలు గొట్టం ఊడదీయడం చిన్న పని, ఇంజెక్షన్ బండిలో ముందుగా ఒత్తిడి తగ్గించకుండా అదే పని చేస్తే పెట్రోలు ముఖం మీదికి చిమ్ముతుంది. కాబట్టి ఈ రెండు తేదీలకు అటూ ఇటూ తయారైన బండి మీదైతే మరింత జాగ్రత్తగా ఉండాలి. రిజిస్ట్రేషన్ తేదీని నమ్ముకోవద్దు, ఆర్‌సీలో తయారైన నెల, సంవత్సరం విడిగా ఉంటాయి, అవే చూడండి.

బండితో పాటు ఇచ్చే ఓనర్స్ మాన్యువల్ వేరు, మెకానిక్‌ల కోసం రాసే సర్వీస్ మాన్యువల్ వేరు. మొదటిదాన్ని చాలా కంపెనీలు తమ వెబ్‌సైట్‌లో ఉచితంగానే ఉంచుతాయి, ఆయిల్ గ్రేడు, టైర్లలో గాలి, చెయిన్ వదులు వంటి వాటికి అది చాలు. రెండోది అంత సులువుగా దొరకదు. విడిభాగాలు, పరికరాలు, మరమ్మతు సమాచారం బయటి మెకానిక్‌లకు అందనివ్వడం లేదని 2014 ఆగస్టులో కాంపిటీషన్ కమిషన్ 14 కార్ల కంపెనీలకు 2,544 కోట్ల రూపాయలకు పైగా జరిమానా విధించింది. దాన్నిబట్టి ఈ ఇబ్బంది ఎంత పాతదో మీరే గ్రహించవచ్చు. వినియోగదారుల వ్యవహారాల శాఖ 2022 డిసెంబరులో ప్రారంభించిన రైట్ టు రిపేర్ పోర్టల్‌లో వాహనాల విభాగం కూడా ఉంది, ముందు అక్కడ, కంపెనీ సైట్‌లో వెతకండి. ఆ తరువాత డీలర్ సర్వీస్ సెంటర్‌లో చాసిస్ నంబరు చెప్పి అడగండి. ఆ నంబరులో 17 అక్షరాలు, అంకెలు ఉంటాయి. ఇంగ్లీషు ఐ, ఓ, క్యూ అక్షరాలను అందులో వాడరు, కనుక గుండ్రంగా కనిపించినది సున్నాయే.

ఎక్కడి నుంచి తెచ్చుకున్నా ఒక పరీక్ష పెట్టండి. మీ బండితో వచ్చిన ఓనర్స్ మాన్యువల్ నుంచి స్పార్క్ ప్లగ్ నంబరు, ఇంజిన్ ఆయిల్ పరిమాణం, బ్యాటరీ సామర్థ్యం ఒక కాగితం మీద రాసుకుని, దొరికిన సర్వీస్ మాన్యువల్‌లో వాటినే వెతకండి. మూడింటిలో ఒక్కటి కలవకపోయినా ఆ పుస్తకం మీ బండిది కాదు. దగ్గర దగ్గరగా ఉంది కదా అని సర్దుకోవద్దు. మా కాలనీ కుర్రవాడు కూడా దగ్గర దగ్గరగా ఉందనే మొదలుపెట్టాడు.

ఇక మిగిలినవి గుర్తొచ్చిన వరుసలో రాస్తున్నాను.

ఏ మోడల్‌కు, ఏ చాసిస్ నంబరు నుంచి వర్తిస్తుందో చెప్పే మొదటి పేజీలు లేని మాన్యువల్‌ను వాడవద్దు.

స్కాన్ చేసిన కాపీలో చుక్క చెరిగిపోతుంది. బోల్టు ఎంత బలంగా బిగించాలో చెప్పే టార్క్ అంకె కిలోగ్రామ్ మీటర్లలో 2.4 అయితే, అది 24 గా కనిపించిన పేజీని నేను చూశాను, దాన్ని నమ్మి బిగిస్తే డ్రెయిన్ బోల్టు విరగడమో, అల్యూమినియం ఇంజిన్‌లో థ్రెడ్ పోవడమో ఖాయం. పక్కనే న్యూటన్ మీటర్లలో ఉన్న అంకెతో సరిచూడండి: 24 న్యూటన్ మీటర్లంటే దాదాపు 2.4 కిలోగ్రామ్ మీటర్లు, అదే 18 ఫుట్ పౌండ్లు. మీ టార్క్ రెంచ్ మీద ఏ కొలత ఉందో చూసుకోకుండా బోల్టు మీద పెట్టవద్దు.

ఆయిల్ పరిమాణం ఒకే చోట మూడు రకాలుగా ఉంటుంది: మామూలుగా మార్చినప్పుడు, ఫిల్టర్‌తో పాటు మార్చినప్పుడు, ఇంజిన్ మొత్తం విప్పినప్పుడు. మూడో అంకె చూసి పోయవద్దు.

క్లచ్ ఇంజిన్ ఆయిల్‌లోనే తడిసే మోటారు సైకిల్‌కు డబ్బా మీద జాసో ఎంఏ లేదా ఎంఏ2 (తడి క్లచ్ బండ్ల ఆయిల్‌కు ఇచ్చే గుర్తు) ముద్ర ఉన్న ఆయిలే పోయండి. కారు ఆయిల్ మిగిలిందని పోస్తే క్లచ్ జారుతుంది.

బ్రేకు ఆయిల్ రిజర్వాయర్ మూత మీద డాట్ 4 అని ఉంటే డాట్ 4 రకం బ్రేకు ఆయిలే పోయండి. డాట్ 5 సిలికాన్ ద్రవం, దాన్ని మిగతావాటితో కలపవద్దు. ఇంజిన్ ఆయిల్ చుక్క కూడా అందులో పడనివ్వవద్దు, రబ్బరు సీళ్లు ఉబ్బిపోతాయి.

అమెరికా నుంచి బావగారు పంపిన కారు పుస్తకాన్ని ఇక్కడి కారుకు వాడవద్దు. పేరు ఒకటైనా ఇంజిన్ వేరు కావచ్చు, స్టీరింగ్ ఎలాగూ రెండోవైపు ఉంటుంది.

మాన్యువల్ అని చెప్పి ఏపీకే ఫైలు (ఫోన్‌లో యాప్ ఎక్కించే ఫైలు) ఇస్తే తెరవవద్దు.

వీడియోలో విన్న టార్క్ అంకెతో బ్రేకు బోల్టు బిగించవద్దు.

ఎయిర్‌బ్యాగ్ వైర్లు ముట్టుకోవద్దు. ఎలక్ట్రిక్ బండ్లలో నారింజ రంగు కేబుళ్లు ముట్టుకోవద్దు.

మళ్లీ చెబుతున్నాను, పుస్తకం మీ బండిదేనా అని మొదటి బోల్టు విప్పకముందే తేల్చుకోండి. విప్పుతుండగా బొమ్మలో లేని గొట్టం కానీ, వైరు కానీ, స్ప్రింగు కానీ ఎదురైతే అక్కడే ఆపండి. ఊహించి ముందుకు వెళ్లవద్దు. బ్రేకుకు సంబంధించిన పని సగంలో ఆగిపోతే బండిని ట్రాలీ ఆటోలో ఎక్కించి షెడ్డుకు పంపండి. షెడ్డు వీధి చివరే ఉన్నా సరే, తోసుకుంటూ తీసుకెళ్లండి, ఎక్కి నడపవద్దు.