కంప్యూటర్ నుంచి నేరుగా ప్రింటర్‌కు – 3వ పాఠం: విన్‌స్పూల్‌తో కాంటా చీటీ

స్పూలర్ (ప్రింట్లను అందుకుని ప్రింటర్‌కు పంపే విండోస్ భాగం) అంటే ఏమిటో, మనం పంపే ప్రింట్లు దాని దగ్గర ఎలా వరుస కడతాయో రెండో పాఠంలో చూశాం. ఇప్పుడు మన ప్రోగ్రామ్ నుంచే దానికి ఒక చీటీ పంపుదాం. ఉదాహరణగా మిర్యాలగూడలో ఒక రైస్ మిల్లు వేబ్రిడ్జిని తీసుకుందాం.

కోతల సీజన్‌లో సాగర్ ఎడమ కాల్వ కింద పండిన వడ్లు ట్రాక్టర్లకెక్కి మిల్లుల ముందు బారులు తీరుతాయి. కాంటా మీద బండి తూగగానే చీటీ చేతికి రావాలి. కార్బన్ కాపీ కావాలంటే డాట్ మ్యాట్రిక్స్ ప్రింటరే దిక్కు. మామూలు పద్ధతిలో ప్రింట్ ఇస్తే ప్రింటర్ డ్రైవర్ అనే సాఫ్ట్‌వేర్ చాలాసార్లు అక్షరాలను బొమ్మగా మార్చి పంపుతుంది. హెడ్ ఆ చుక్కలన్నీ గీసేసరికి ఆలస్యమవుతుంది. అక్షరాలను అక్షరాలుగానే పంపితే ప్రింటర్ తన సొంత ఫాంట్‌తో టకటకా కొట్టేస్తుంది. ఎండలో వరుసలో నిలబడ్డ రైతు కోసమైనా ఈ పద్ధతి నేర్చుకోవాలి.

దీనికి కావాల్సిన లైబ్రరీ విండోస్‌లోనే ఉంది. దాని పేరు విన్‌స్పూల్. ఫైల్ పేరు చివర డీఆర్‌వీ అని ఉన్నా, లోపల అది అచ్చమైన డీఎల్ఎల్, అంటే వేరే ప్రోగ్రాములు పిలిచి వాడుకునే కోడ్ ఫైల్. కాబట్టి ఎక్కడినుంచో డౌన్‌లోడ్ చేసుకునే పనే లేదు. ఊరూపేరూ లేని సైట్ల నుంచి డీఎల్ఎల్‌లు దించి మిల్లు కంప్యూటర్‌లో పెట్టకండి, లెక్కలన్నీ ఉండేది అందులోనే.

ముందు ఓపెన్‌ప్రింటర్‌ను పిలవాలి. కంట్రోల్ ప్యానెల్‌లో ప్రింటర్ పేరు ఎలా ఉందో అలాగే ఇస్తే ఒక హ్యాండిల్, అంటే తర్వాతి పిలుపుల్లో ఆ ప్రింటర్‌ను గుర్తుపట్టే సంఖ్య, వస్తుంది. తర్వాత స్టార్ట్‌డాక్‌ప్రింటర్. ఇక్కడ ఇచ్చే డేటా రకమే అసలు కీలకం. అక్కడ ‘రా’ (RAW) అని రాయాలి, అంటే ‘ఈ బైట్లను ముట్టుకోకుండా ప్రింటర్‌కు పంపు’ అని. ఆ తర్వాత స్టార్ట్‌పేజ్‌ప్రింటర్, రైట్‌ప్రింటర్. అయిపోయాక ఎండ్‌పేజ్‌ప్రింటర్, ఎండ్‌డాక్‌ప్రింటర్, క్లోజ్‌ప్రింటర్ అని తెరిచిన వరుసకు తిరగేసి మూసుకుంటూ రావాలి. మధ్యలో ఎర్రర్ వచ్చినా ఈ మూసివేతలు జరిగేలా కోడ్ రాయండి. లేకపోతే ఆ జాబ్ స్పూలర్‌లోనే ఇరుక్కోవచ్చు.

రైట్‌ప్రింటర్ ‘సరే’ అన్నంత మాత్రాన చీటీ వచ్చినట్టు కాదు. బైట్లు స్పూలర్‌కు చేరాయని మాత్రమే దాని అర్థం. కాగితం అయిపోయినా అది ‘సరే’ అనే అంటుంది. అందుకే మళ్లీ ప్రింట్ తీసే బటన్ తప్పకుండా పెట్టండి.

ఇక పంపాల్సిన బైట్లు. చాలా డాట్ మ్యాట్రిక్స్ ప్రింటర్లు ఎప్సన్ వారి ఈఎస్‌సీ/పీ ఆదేశాలను అర్థం చేసుకుంటాయి. మొదట 27, 64 అనే రెండు బైట్లు పంపితే పాత సెట్టింగులు పోయి ప్రింటర్ తాజాగా మొదలవుతుంది. మన చీటీ పొడవు 4 అంగుళాలు అనుకుందాం. అంగుళానికి 6 లైన్ల చొప్పున 24 లైన్లు. దాన్ని 27, 67, 24 అని చెప్పాలి. ఇది చెప్పకుండా చివర్లో 12, అంటే కాగితాన్ని తర్వాతి పేజీ మొదటికి జరిపే ఫామ్ ఫీడ్, పంపితే ప్రింటర్ తనలో ముందే ఉన్న పేజీ పొడవునే నమ్ముతుంది. అది 66 లైన్లయితే దాదాపు రెండు ఖాళీ చీటీలు బయటికి పోవడం ఖాయం. 15 పంపితే అక్షరాలు ఇరుకవుతాయి, 18 పంపితే మామూలుకొస్తాయి. బండి నంబరు, మొత్తం బరువు, ఖాళీ బండి బరువు మామూలు అక్షరాల్లో, నికర బరువు మాత్రం బోల్డ్‌లో ఉండాలి. బోల్డ్‌కు 27, 69. ఆపడానికి 27, 70.

సాధారణంగా ఈ ప్రింటర్ల సొంత ఫాంట్లలో తెలుగు ఉండదు. తెలుగు పంపితే పిచ్చి గుర్తులొస్తాయి. మిల్లు పేరు, శీర్షికలు ముందే తెలుగులో అచ్చు వేయించిన ఫారాలు వాడి, అంకెలు మాత్రమే పంపడం నాకు నచ్చిన దారి.

బరువు చదివే పరికరంతో వచ్చిన డీఎల్ఎల్ ఏదైనా వాడుతుంటే, అది 32 బిట్‌దో 64 బిట్‌దో చూసుకోండి. 64 బిట్ ప్రోగ్రామ్ 32 బిట్ డీఎల్ఎల్‌ను లోడ్ చేయలేదు, 193వ నంబరు ఎర్రర్ వస్తుంది. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, 32 బిట్‌వి సిస్‌వౌ64లో ఉంటాయి. పేర్లు తలకిందులుగా ఉన్నాయని కంగారు పడకండి.

అభ్యాసం: ‘జెనరిక్ టెక్స్ట్ ఓన్లీ’ డ్రైవర్‌తో ఒక ప్రింటర్‌ను చేర్చి, పై బైట్లతో మూడు చీటీలు వరుసగా తీయండి. మూడో చీటీలో మొదటి లైన్ ఫారం మీద సరైన గడిలోనే పడిందో లేదో చూడండి. కిందికి జారితే 24 దగ్గర లెక్క సరిచూడండి. నాలుగో పాఠంలో ఇదే చీటీని థర్మల్ ప్రింటర్‌పై తీద్దాం.