టోఫూ టాకోలు చేసే ముందు ఇవి చూసుకోండి

టోఫూ అంటే సోయా పాలతో చేసే పనీర్ లాంటిది, దాన్ని వేయించి టోర్టిల్లా అనే పల్చటి మెక్సికన్ రొట్టెలో పెట్టి మడిచి తింటే అదే టాకో. ముందు టోఫూ ప్యాకెట్ చూడండి, ఫర్మ్ అనో ఎక్స్‌ట్రా ఫర్మ్ అనో (అంటే గట్టి రకం) ఉండాలి, సిల్కెన్ అనే మెత్తటి టోఫూ తెచ్చారంటే పెనం మీద గడ్డ పెరుగులా జారిపోతుంది తప్ప ముక్క నిలవదు.

నీళ్లు పిండటం మాత్రం అస్సలు వదిలేయొద్దండి. శుభ్రమైన కాటన్ గుడ్డలో చుట్టి పైన బరువైన గిన్నె పెట్టి 20-30 నిమిషాలు ఉంచితే గుడ్డ తడిసి ముద్దవుతుంది, అంత నీరుంటుంది దాంట్లో. ఆ తడితోనే వేడి నూనెలో వేస్తే చిట్లి చేతుల మీద పడుతుంది, పైగా మసాలా కూడా పట్టదు. చాకుతో కోయకుండా చేత్తో చిదమండి, ఆ గరుకు అంచులే బాగా కరకరలాడతాయి, నాకైతే టాకోలో అసలు రుచి అదే.

ఊరికే కలపొద్దు, అడుగు ఎర్రబడ్డాకే తిప్పాలి. జీలకర్ర పొడి, కారం, వెల్లుల్లి చివర్లో వేయండి, ముందే వేస్తే మాడి చేదొస్తుంది. నిమ్మరసం స్టవ్ కట్టేశాకే.

సోయా పడనివాళ్లు తినేవాళ్లలో ఉన్నారేమో ముందే అడగండి, ఇది చాలా ముఖ్యం. గోధుమ పడనివాళ్లుంటే మొక్కజొన్న టోర్టిల్లాలే తీసుకోండి, సోయా సాస్ కూడా వేయకండి, మామూలుగా దాంట్లో గోధుమ ఉంటుంది.

టోర్టిల్లాలు పొడి పెనం మీద వేడి చేసి గుడ్డలో చుట్టి ఉంచండి, చల్లారితే మడవగానే విరుగుతాయి. టమాటా గింజలు తీసేయండి, లేదంటే మోచేతి దాకా కారుతుంది.