టూల్‌బార్ వెనుక ఫైళ్లు – పాఠం 3: డీఎల్ఎల్‌ని కళ్లారా చూద్దాం

పోయిన పాఠంలో డెస్క్‌టాప్ మీద ఒక షార్ట్‌కట్ తయారుచేశాం. దాన్ని చెరిపేసినా అసలు ప్రోగ్రామ్‌కి ఏమీ కాలేదని చూశాం. షార్ట్‌కట్ అంటే చిరునామా రాసిన చీటీ. చీటీ చింపితే ఇల్లు కూలదు. మరి ఆ చీటీ మీద కనిపించే బొమ్మ ఎక్కణ్నుంచి వస్తోంది? ఈ వారం అది పట్టుకుందాం.

దయచేసి విండోస్ కంప్యూటర్ ముందు కూర్చుని చదవండి. చేత్తో చేయకపోతే ఈ పాఠం ఒంటబట్టదు.

ఏదైనా ప్రోగ్రామ్‌కి మళ్లీ ఒక షార్ట్‌కట్ చేసుకోండి. దాని మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్ తెరవండి. అందులో ఛేంజ్ ఐకాన్ నొక్కండి. పైన ఒక పెట్టెలో ఏదో ఫైల్ దారి కనిపిస్తుంది. దాన్ని తుడిచేసి, సి డ్రైవ్‌లో విండోస్ ఫోల్డర్, అందులో సిస్టమ్32, అందులో షెల్32.డీఎల్ఎల్ వరకు దారి టైప్ చేసి ఎంటర్ కొట్టండి. ఫోల్డర్లు, ప్రింటర్లు, చెత్తబుట్టలు, భూగోళాలు వరసగా వచ్చేస్తాయి. ఒకటి ఎంచుకుని ఓకే చేయండి.

ఇప్పుడు ఆ బొమ్మ మీ షార్ట్‌కట్‌లోకి కాపీ అయిందనుకుంటున్నారా? కాలేదు. షార్ట్‌కట్ రాసుకున్నవి రెండే: ఫలానా ఫైల్, అందులో ఫలానా నంబరు బొమ్మ. బొమ్మ మాత్రం షెల్32 దగ్గరే ఉంది. మీ షార్ట్‌కట్ ఒక్కటే కాదు, ఇంకెన్ని షార్ట్‌కట్‌లైనా అక్కణ్నుంచే తెచ్చుకోవచ్చు.

డీఎల్ఎల్ అంటే ఇదే. పూర్తి పేరు డైనమిక్ లింక్ లైబ్రరీ. చాలా ప్రోగ్రామ్‌లకు కావలసిన సరుకును ఒక్కచోట పెట్టి, అవసరమైనప్పుడు ఎవరికి వాళ్లు వాడుకునే ఏర్పాటు. ఆ సరుకు బొమ్మలే కానక్కర్లేదు, పని చేసే కోడ్ కూడా కావచ్చు. ఈ పద్ధతి 1985లో వచ్చిన మొదటి విండోస్ నుంచీ ఉంది. అది 256 కిలోబైట్ల మెమరీలో నడవాల్సి వచ్చేది. ప్రతి ప్రోగ్రామ్ తన బటన్‌ను తనే గీసుకుంటే అంత చోటు ఎక్కడిది?

టూల్‌బార్ విషయంలో ఈ పంపకం ఇంకా బాగా కనిపిస్తుంది. ఆఫీస్ 97లో వర్డ్, ఎక్సెల్, పవర్‌పాయింట్ మూడింటి టూల్‌బార్లనూ నడిపింది ఎంఎస్ఓ97.డీఎల్ఎల్ అనే ఒకే ఫైల్. అందుకే బటన్‌ను పట్టుకుని జరిపే తీరు మూడింటిలోనూ ఒకటే. రిపేర్ చేసేవాళ్లకు ఇక్కడ మంచి ఆధారం దొరుకుతుంది. ఒక్క ప్రోగ్రామ్‌లోనే టూల్‌బార్ పోతే ముందు ఆ ప్రోగ్రామ్‌నే చూడండి. మూడింటిలోనూ ఒకేసారి పోతే, వాటికి ఉమ్మడిగా ఉన్న ఫైల్‌ను చూడండి.

ఇక రెండో పని. నాకు ఈ పాఠంలో అన్నిటికన్నా ఇష్టమైనది ఇదే. స్టార్ట్ మెనూలో రిసోర్స్ మానిటర్ అని వెతికి తెరవండి. సీపీయూ ట్యాబ్‌లో ఎక్స్‌ప్లోరర్ పక్కన టిక్ పెట్టండి. టాస్క్‌బార్‌ను, డెస్క్‌టాప్‌ను నడిపేది అదే. కింద అసోసియేటెడ్ మాడ్యూల్స్ అన్న భాగం విప్పితే అది వాడుతున్న డీఎల్ఎల్‌లన్నీ జాబితాగా వస్తాయి. చాంతాడంత ఉంటుంది, టెన్షన్ పడకండి. అందులో కామ్‌సీటీఎల్32 ఎక్కడుందో వెతకండి. టూల్‌బార్, బటన్ల వరస, మౌస్ పెడితే తేలే చిన్న వివరణ పెట్టె, ఇవన్నీ అందించే ఫైల్ అది.

దాని ఫుల్ పాత్ చూడండి. సిస్టమ్32 కాదు, విన్‌ఎస్ఎక్స్ఎస్ అనే ఫోల్డర్ కనిపిస్తుంది. ఎందుకు? ఒకప్పుడు ఒక కొత్త ప్రోగ్రామ్ వస్తూ వస్తూ ఉమ్మడి ఫైల్‌ను తన వెర్షన్‌తో మార్చేసేది. పాత ప్రోగ్రామ్‌లు ఆగిపోయేవి. ఆ అవస్థకు డీఎల్ఎల్ హెల్ అని పేరే పడింది. 2001లో విండోస్ ఎక్స్‌పీ వచ్చాక ఈ ఫైల్ ఆరో వెర్షన్‌ను విడిగా ఆ ఫోల్డర్‌లో పెట్టారు, పాతది సిస్టమ్32లోనే ఉంచారు. ఎవరికి ఏది కావాలో వాళ్లు అది తీసుకుంటారు.

ఉమ్మడి ఫైల్‌ను ఎన్ని ప్రోగ్రామ్‌లు వాడుతున్నాయో విండోస్ రిజిస్ట్రీలో, అంటే విండోస్ తన సెట్టింగులు రాసుకునే చిట్టాలో, షేర్డ్‌డీఎల్ఎల్స్ అనే చోట లెక్క ఉంటుంది. ప్రోగ్రామ్ ఇన్‌స్టాల్ అయితే ఒకటి పెరగాలి, తీసేస్తే ఒకటి తగ్గాలి. కానీ ఈ లెక్క ఇన్‌స్టాలర్ రాస్తేనే ఉంటుంది. చేత్తో కాపీ చేసిన ప్రోగ్రామ్ అందులో ఎక్కదు. నేను ఒకసారి ఒక ప్రోగ్రామ్ తీసేస్తుంటే, ఈ ఉమ్మడి ఫైల్‌ను ఎవరూ వాడటం లేదు, తీసేయనా అని అడిగింది. ఎస్ కొట్టాను. మర్నాడు వేరే సాఫ్ట్‌వేర్ తెరుచుకోలేదు. అప్పట్నుంచీ ఆ ప్రశ్నకు నా జవాబు నో. మిగిలిపోయిన ఫైల్ కాస్త చోటు తింటుంది, అంతే.

ఫలానా డీఎల్ఎల్ లేదు అని మెసేజ్ వస్తే, ఆ ఒక్క ఫైల్‌ను ఇంటర్నెట్‌లో ఎక్కడినుంచో దించుకోవద్దు. అది ఏ వెర్షనో, అందులో ఏం దూర్చారో మనకు తెలియదు. ఆ ఫైల్ ఏ సాఫ్ట్‌వేర్‌తో వచ్చిందో చూసి దాన్నే మళ్లీ ఇన్‌స్టాల్ చేయండి. విండోస్‌దే అయితే, విండోస్ సొంత ఫైళ్లను సరిచూసి బాగుచేసే సిస్టమ్ ఫైల్ చెకర్ నడపండి.

వచ్చే పాఠానికి ఒక పని: మీరు రోజూ వాడే రెండు ప్రోగ్రామ్‌లకు రిసోర్స్ మానిటర్‌లో టిక్ పెట్టి, రెండింటిలోనూ కనిపించే ఐదు డీఎల్ఎల్‌ల పేర్లు, వాటి ఫుల్ పాత్ రాసుకోండి. కొన్నిటి దారిలో సిస్‌వావ్64 అని కనిపించవచ్చు. పాఠం 4 అక్కణ్నుంచే మొదలవుతుంది.