ఈస్టర్ ఎప్పుడో క్యాలెండర్ చూడకుండా లెక్కవేయడం ఎలా?

మా ఊళ్లో సంక్రాంతి దాటగానే నన్ను అడిగే మొదటి ప్రశ్న, "టీచరుగారూ, ఈసారి ఈస్టర్ ఎప్పుడు పడింది?" అని. సమాధులకు సున్నం వేసే మనిషి అడుగుతాడు, హైదరాబాదులో పనిచేసే పిల్లలు రైలు టికెట్ల కోసం ఫోన్ చేసి అడుగుతారు. ఈస్టర్ తెల్లవారుజామున సమాధుల తోటలో కొవ్వొత్తులు వెలిగించకుండా మా వాళ్లెవరూ ఉండరు. మిరపకాయల కోతలు ఎంత ముమ్మరంగా ఉన్నా ఆ పూట మాత్రం అందరూ అక్కడే.

క్రిస్మస్‌తో ఈ టెన్షన్ లేదు, ఎప్పుడూ డిసెంబరు 25. ఈస్టర్ మాత్రం మార్చి 22కీ ఏప్రిల్ 25కీ మధ్య ఎక్కడైనా పడొచ్చు. ముప్పై ఏళ్లు లెక్కలు చెప్పినదాన్ని, ఆ తేదీ పైనుంచి ఎవరో చెబితే రాసుకోవడం నాకు నచ్చలేదు. నేర్చుకున్నాను. ఇంకో కారణం మా అమ్మమ్మ. తన చిన్నతనంలో ఒక ఏడాది మామిడిపండ్లు వచ్చాక ఈస్టర్ పడిందని చెప్పేది. ఇంట్లో ఎవరూ నమ్మేవారు కాదు. ఆ సంగతి చివర్లో చెబుతాను.

లెక్కలోకి వెళ్లేముందు ఒక్క మాట అర్థం చేసుకోండి, మిగతాదంతా సులువవుతుంది. ప్రభువు సిలువ పొందింది యూదుల పస్కా పండుగ రోజుల్లో. పస్కా వాళ్ల నీసాను నెల 14వ తేదీన. యూదుల నెల నెలవంకతో మొదలవుతుంది కాబట్టి 14 అంటే పున్నమి. గెత్సేమనే తోటకు దీపాలతో, దివిటీలతో వచ్చారని యోహాను రాశాడు. ఆ రాత్రి పైన వెన్నెల కూడా ఉండే ఉంటుంది. అందుకే పరిశుద్ధ గురువారం (గుడ్ ఫ్రైడేకు ముందురోజు) రాత్రి ఆరాధన అయ్యాక సండే స్కూలు పిల్లల్ని బయటికి తీసుకొచ్చి చంద్రుణ్ణి చూపిస్తాను. ఎప్పుడు చూసినా నిండుగానో, నిండుకు దగ్గరగానో ఉంటాడు.

మరి పున్నమి ఏ వారమైనా రావచ్చు, ఈస్టర్ గుర్తుచేసే ప్రభు పునరుత్థానమేమో ఆదివారం. ఏది పట్టుకోవాలి? తొలి సంఘాలు దీనిమీదే వాదించుకున్నాయి. ఆసియా మైనరు (ఇప్పటి టర్కీ) సంఘాలు ఏ వారమైనా సరే 14నే ఆచరించేవి. రోము సంఘం ఆదివారమే అనేది. 155 ప్రాంతంలో ఆసియా మైనరులోని స్ముర్న బిషప్పు పోలికార్పు అంత ముసలితనంలో రోముకు వెళ్లి అక్కడి బిషప్పు అనికేతుసుతో మాట్లాడాడు. ఇద్దరిలో ఎవరూ తమ పద్ధతి వదులుకోలేదు. అయినా అనికేతుసు తన సంఘంలో ప్రభు సంస్కారం జరిపించమని పోలికార్పునే కోరాడు, ఇద్దరూ సమాధానంగా విడిపోయారు. 190 ప్రాంతంలో రోము బిషప్పు విక్టరు ఆసియా సంఘాలను వెలివేయబోతే, ఇప్పటి ఫ్రాన్సులోని లయన్స్ నుంచి బిషప్పు ఇరేనియస్ ఈ పాత సంగతే గుర్తుచేస్తూ ఉత్తరం రాశాడు. తేదీల చరిత్రలో నాకు అన్నిటికంటే ఇష్టమైన ఘట్టం ఇదే. పిల్లలకు తప్పకుండా చెబుతాను.

325లో నికయలో కూడిన బిషప్పుల సభ అందరూ ఒకే ఆదివారం ఆచరించాలని తీర్మానించింది. లెక్క కట్టే పని నక్షత్రశాస్త్రానికి పేరున్న అలెగ్జాండ్రియా సంఘం చూసుకునేది. పగలూ రాత్రీ సమానమయ్యే రోజును మార్చి 21గా పెట్టుకుని, ఆ రోజునగానీ ఆ తర్వాతగానీ వచ్చే మొదటి పున్నమి దాటాక వచ్చే ఆదివారాన్ని ఈస్టర్ అన్నారు. 525లో రోములో డయొనీషియస్ అనే సన్యాసి ఆ పట్టికలనే పొడిగించాడు. అప్పుడే క్రీస్తు జననం నుంచి సంవత్సరాలు లెక్కించే పద్ధతి కూడా మొదలుపెట్టాడు. మనం రోజూ రాసే సంవత్సరం అంకె ఈస్టర్ లెక్కలోంచి పుట్టిందే.

అయినా గొడవ వెంటనే తీరలేదు. ఇంగ్లండులో నార్తంబ్రియా రాజు ఓస్వియు ఒక పద్ధతి, రాణి ఈన్‌ఫ్లెడ్ మరో పద్ధతి పాటించేవారు. రాజు ఈస్టర్ విందు చేసుకుంటుంటే రాణి ఇంకా దానికి వారం ముందటి మట్టల ఆదివారంలో ఉపవాసం ఉండేది. ఒకే ఇంట్లో! 664లో విట్బీలో సభ పెట్టి రోము పద్ధతికి మారారు.

ఇప్పుడు పెన్సిలు తీసుకోండి. 2027కి వేద్దాం.

ముందు సంవత్సరాన్ని 19తో భాగించి శేషానికి 1 కలపండి. 19 × 106 = 2014. శేషం 13, ఒకటి కలిపితే 14. దీన్ని పూర్వం నుంచి బంగారు సంఖ్య అంటారు. 19 ఎందుకంటే, 19 ఏళ్లలో దాదాపు సరిగ్గా 235 చాంద్రమాసాలు ఇముడుతాయి, తర్వాత పున్నములు మళ్లీ దాదాపు అవే తేదీలకు వస్తాయి. క్రీ.పూ. 432లో ఏథెన్సులో మెటన్ దీన్ని ప్రకటించాడు. మన పంచాంగం చూసేవారికి ఇది కొత్తేమీ కాదు. 19 ఏళ్లకు 228 నెలలు, పైన 7 అధిక మాసాలు, మొత్తం 235.

తర్వాత పున్నమి తేదీల వరుస రాసుకోవాలి. బట్టీ పట్టక్కర్లేదు. బంగారు సంఖ్య 1కి ఏప్రిల్ 14 అని రాయండి. చాంద్ర సంవత్సరం 354 రోజులే కాబట్టి పున్నమి ఏటా 11 రోజులు ముందుకు జరుగుతుంది. అందుకని 11 తీసేస్తూ పోండి. మార్చి 21 కంటే ముందుకు వెళ్లిపోతే 30 కలపండి. ఇలా వస్తుంది:

1 – ఏప్రిల్ 14
2 – ఏప్రిల్ 3
3 – మార్చి 23
4 – ఏప్రిల్ 11
5 – మార్చి 31
6 – ఏప్రిల్ 18
7 – ఏప్రిల్ 8
8 – మార్చి 28
9 – ఏప్రిల్ 16
10 – ఏప్రిల్ 5
11 – మార్చి 25
12 – ఏప్రిల్ 13
13 – ఏప్రిల్ 2
14 – మార్చి 22
15 – ఏప్రిల్ 10
16 – మార్చి 30
17 – ఏప్రిల్ 17
18 – ఏప్రిల్ 7
19 – మార్చి 27

రెండు చోట్ల జాగ్రత్త. 6 దగ్గర లెక్క ప్రకారం ఏప్రిల్ 19 వస్తుంది, 18 అని రాయాలి. 17 దగ్గర 18 వస్తుంది, 17 అని రాయాలి. ఈస్టర్ ఏప్రిల్ 25 దాటకూడదని మొదటి సవరణ, 19 ఏళ్లలో ఒకే తేదీ రెండుసార్లు రాకూడదని రెండోది. ఆ తర్వాతి తేదీలకు మాత్రం సవరించని అంకెలోంచే 11 తీసేయండి. ఈ వరుస 1900 నుంచి 2199 వరకు పనిచేస్తుంది.

ఇక చివరి పని. 14కి ఎదురుగా మార్చి 22 ఉంది. 2027లో అది సోమవారం. తర్వాతి ఆదివారం మార్చి 28. అదే ఈస్టర్.

అది దొరికాక మిగతావి వేళ్లమీద వస్తాయి. ఈస్టర్‌కు 46 రోజుల ముందు ఉపవాసాలు మొదలయ్యే బూడిద బుధవారం (40 ఉపవాస దినాలు, పైన లెక్కలోకి రాని 6 ఆదివారాలు), 7 రోజుల ముందు మట్టల ఆదివారం, 2 రోజుల ముందు గుడ్ ఫ్రైడే. 39 రోజుల తర్వాత ఆరోహణం, 49 రోజుల తర్వాత పెంతెకొస్తు. 2027లో బూడిద బుధవారం ఫిబ్రవరి 10, పెంతెకొస్తు మే 16.

నేను పడిన పొరపాటు ఒకటుంది, మీరు పడకండి. మా చర్చికి 2025 క్యాలెండర్ వేయించేటప్పుడు లెక్క నేనే వేశాను. బంగారు సంఖ్య 12, పున్నమి ఏప్రిల్ 13, ఆ రోజు ఆదివారం. ఇంకేముంది, ఏప్రిల్ 13 అని రాసిచ్చేశాను. ప్రింటుకు వెళ్లే ముందు మా పాస్టరు అయ్యగారు చూసి ఆపారు. పున్నమి ఆదివారమే పడితే ఆ ఆదివారం కాదు, *తర్వాతి* ఆదివారం. ఈస్టర్ ఏప్రిల్ 20.

రెండో పొరపాటు ఇంకా సూక్ష్మమైనది, చాలామంది చేస్తారు. పట్టిక బదులు పంచాంగంలోని పున్నమి పెట్టుకోవడం. చాలా ఏళ్లు సరిపోతుంది. 2024లో హోలీ మార్చి 25న, పట్టికలోనూ అదే, ఈస్టర్ మార్చి 31. కానీ 2019 చూడండి. ఆకాశంలో పగలూ రాత్రీ సమానమైంది, కొద్ది గంటలకే పున్నమి వచ్చింది, మన టైము ప్రకారం రెండూ మార్చి 21 ఉదయానికే అయిపోయాయి. అలా చూస్తే మార్చి 24న ఈస్టర్ రావాలి. చర్చి పట్టికలో మాత్రం ఆ పున్నమి 21 కంటే ముందే పడింది, అందుకని తర్వాతి పున్నమి ఏప్రిల్ 18ని పట్టుకుని 21న ఈస్టర్ చేసుకున్నాం. చర్చి పున్నమి కాగితం మీది పున్నమి. మబ్బు పట్టినా, ఊరు మారినా ఏ దేశంలోనైనా ఒకే తేదీ రావాలని పెట్టుకున్న ఏర్పాటు అది. నాకది సరైన పద్ధతే అనిపిస్తుంది.

జార్జియా దేశంలో మెడిసిన్ చదివే మా బంధువులబ్బాయి 2024లో, "పెద్దమ్మా, ఇక్కడ ఈస్టర్ మే 5న!" అని ఫోన్ చేశాడు. నిజమే. పాత జూలియన్ క్యాలెండర్‌లో ఏడాది అసలుకంటే సుమారు 11 నిమిషాలు ఎక్కువ. అవి పోగై 1582 నాటికి 10 రోజుల తేడా వచ్చింది. పోపు 13వ గ్రెగరీ ఆ ఏడాది అక్టోబరు 4 తర్వాతి రోజును 15గా ప్రకటించి, పున్నమి పట్టికలు కూడా దిద్దించారు. బ్రిటన్ 1752లో మారింది. కాబట్టి 1842లో అమెరికా మిషనరీ హయ్యర్ గారు గుంటూరులో లూథరన్ మిషను మొదలుపెట్టేనాటికి మనకు అందింది కొత్త లెక్కే. జార్జియాలో ఉన్నలాంటి ఆర్థొడాక్స్ సంఘాల్లో చాలావరకు ఈస్టర్‌కు పాత లెక్కే వాడుతున్నాయి. ఒక్కోసారి రెండూ కలుస్తాయి, 2025లో కలిశాయి, 2028 ఏప్రిల్ 16న మళ్లీ కలుస్తాయి.

ఇక అమ్మమ్మ మాట. వాళ్ల నాన్న పోయిన ఏడాది, సమాధి దగ్గర తను మొదటిసారి కొవ్వొత్తి పట్టుకున్న ఈస్టర్ అది అని చెప్పేది. సమాధి రాయి మీద 1943 అని ఉంది. లెక్క వేశాను. 19 × 102 = 1938, శేషం 5, బంగారు సంఖ్య 6. పున్నమి ఏప్రిల్ 18. ఆ రోజు ఆదివారం. అంటే తర్వాతి ఆదివారం, ఏప్రిల్ 25. అంతకంటే ఆలస్యంగా ఈస్టర్ రావడానికి వీల్లేదు. అలాంటిది మళ్లీ 2038లోనే. ఆ కాగితం అమ్మమ్మకు చూపించడానికి ఆమె అప్పటికి లేదు. లెక్క వేసిన ఏడాది ఈస్టర్ తెల్లవారుజామున ఆమె సమాధి దగ్గర కొవ్వొత్తి వెలిగించి, ఆ తేదీ పైకి చదివాను.