పెళ్లిలో మంత్రాలకు అర్థం చెప్పించడం ఎలా?

పెళ్లిని గుర్తుండిపోయేలా చేయడానికి ఏం జోడించాలని ఎవరు అడిగినా నేను ఒకటే చెబుతాను. పంతులుగారు చదువుతున్నది ఏమిటో వచ్చినవారికి తెలియనివ్వండి, అదే చాలు. పొగయంత్రాల మధ్య వధువు నడిచి వచ్చిన వైభవం వారం తిరిగేసరికి ఎవరికీ గుర్తుండదు. ఇప్పటికి పాతిక పెళ్లిళ్లలో మైకు పట్టుకున్నాను. మొదటి నాలుగైదు నేనే చెడగొట్టాను కూడా.

కావలసినవి

పంతులుగారి మైకు కాక విడిగా మరొకటి. అరచేతిలో ఇమిడే అట్టముక్కలు, వాటిమీద పెద్ద అక్షరాలు. ఫోనులో చూసి చదవకండి; సరిగ్గా మాంగల్యధారణ వేళకు ఎవరో ఒకరు మండపానికి దారి అడుగుతూ ఫోను చేస్తారు. చెప్పే మనిషి మేనత్తో, బాబాయో, ఇంట్లోవారే అయి ఉండాలి. డబ్బిచ్చి తెచ్చిన యాంకరు పనికిరారు.

ఎక్కడెక్కడ చెప్పాలి

నాలుగు చోట్లే: జీలకర్ర బెల్లం, కన్యాదానం, మాంగల్యధారణ, సప్తపది. ఐదోది చేర్చారంటే అది ఉపన్యాసమే.

జీలకర్ర బెల్లం గురించి చెప్పదలచింది అడ్డుతెర ఉండగానే, సుముహూర్తానికి ఐదు నిమిషాల ముందే ముగించండి. గట్టిమేళం మొదలైతే మీ మాట మీకే వినబడదు. కన్యాదానంలో ధర్మేచ, అర్థేచ, కామేచ ఈమెను అతిక్రమించకూడదని వధువు తండ్రి అంటే, వరుడు ‘నాతిచరామి’ అంటాడు. అతిక్రమించను అని అర్థం. దీనికి ‘మోక్షేచ’ తగిలించకండి. సంప్రదాయ పాఠంలో ఉన్నవి మూడే. మోక్షం సంగతి ఎవరికి వారే చూసుకోవాలి. మాంగల్యధారణకు శ్లోకం చివరి ముక్క చాలు: ‘త్వం జీవ శరదాం శతం’, నువ్వు నూరు శరత్తులు జీవించు. అది కూడా సూత్రం చేతికి తీసుకోకముందే చెప్పి పక్కకు తప్పుకోండి.

సప్తపది

దాదాపు అందరూ తప్పేది ఇక్కడే. సప్తపది అంటే ఏడు అడుగులు, అగ్ని చుట్టూ ఏడు ప్రదక్షిణలు కాదు. సప్తపది ఆచారం ఉన్నవారి పెళ్లి ఏడో అడుగు పడ్డాకే పూర్తయినట్టని 1955 నాటి హిందూ వివాహ చట్టం 7వ సెక్షన్ కూడా చెబుతుంది. మన మండపాల్లో ఏమవుతుంది? తలంబ్రాలు అయ్యీ అవగానే కుర్చీలు ఖాళీ. ఏడో అడుగు వేసేసరికి అతిథులు రెండో పంక్తిలో పప్పు కలుపుకుంటూ ఉంటారు. అందుకే సప్తపది అయ్యేవరకు భోజనాల తలుపు తీయించకండి. కాసేపు గొణుగుతారు, గొణగనివ్వండి.

ముందురోజే పంతులుగారి దగ్గర కూర్చోండి. వెంట వచ్చే శిష్యుడితో మాట్లాడి సరిపెట్టుకోవద్దు. ఇంటింటికీ గృహ్యసూత్రం, అంటే పెళ్లి వంటి కర్మలు ఎలా చేయాలో చెప్పే పాత గ్రంథం, మారుతుంది, దానితో పాఠమూ మారుతుంది. కాబట్టి ఆయన చదవబోయే మంత్రాన్నే అడిగి రాసుకోండి. ఫోన్లలో తిరిగే ‘ఏడు ప్రమాణాల’ జాబితా చదివితే ఆయన ఒకటి పలుకుతుంటే మీరు ఇంకొకటి చెబుతారు. ఆపస్తంబ సూత్రం పాటించేవారి పాఠంలో మొదటి అడుగు అన్నం కోసం, రెండోది బలం కోసం, మూడోది వ్రతం కోసం, నాలుగోది సుఖం కోసం. ప్రతి అడుగుకూ ‘విష్ణుస్త్వా అన్వేతు’, విష్ణువు నీ వెంట వచ్చుగాక అని వస్తుంది. అడుగుకు ఒక్క వాక్యం, ఎనిమిది మాటలకు మించకుండా రాసుకోండి.

అడుగు అడుగుకూ ఆగమంటే ఏ పంతులుగారూ వెంటనే ఒప్పుకోరు. “ఆలస్యమైతే అడిగేది నన్ను, నిన్ను కాదు నాయనా” అని ఒకాయన నాతో అన్నారు. ఆయన ఎదుటే ఏడు వాక్యాలూ గడియారం పెట్టుకుని చదివాను. నిమిషం కూడా పట్టలేదు, ఒప్పుకున్నారు.

క్రమం ఇది: ఆయన మంత్రం పూర్తిచేయాలి, వధువు అడుగు వేయాలి, మీరు వాక్యం చెప్పాలి, తల ఊపాలి, ఆయన తరువాతిది అందుకోవాలి. మంత్రం మీద మాట పడకూడదు. ఇందుకోసం హోమగుండానికి అవతల, ఆయన పెదవులు కనిపించేచోట నిలబడండి. ఆ చోటు కోసం ఫోటోగ్రాఫరు పోటీకి వస్తాడు. ముందే చెప్పి ఉంచండి.

అన్నిటికన్నా ముఖ్యంగా మేళంవాళ్లకు చెప్పండి. పంతులుగారు ఆగారంటే మేళం అందుకోవాలన్నది వాళ్లకు అలవాటు. ఒక పెళ్లిలో మూడో అడుగు పడగానే నేను ఊపిరి తీసుకున్నాను, డోలు అందుకుంది. వెనకే సన్నాయి. పెళ్లికూతురు ఒక కాలు ఎత్తి, పట్టుచీర కుచ్చిళ్లు గుప్పిట పట్టుకుని అలాగే నిలబడిపోయింది. పంతులుగారు చెయ్యి ఊపి ఆపించేసరికి సగం మంది పెళ్లి అయిపోయిందనుకుని లేచారు. అప్పటినుంచి, ఏడో అడుగు దాకా డోలు కర్ర కింద పెట్టి ఉంచమని నేనే వెళ్లి చెబుతున్నాను.

ఏడో అడుగు తర్వాత ‘సఖా సప్తపదా భవ’ అంటాడు వరుడు. ఏడడుగులు నడిచావు, ఇక నా స్నేహితురాలివి. ఇది చెప్పాక మైకు కట్టేయండి.

అరుంధతి

మిట్టమధ్యాహ్నం ఆకాశంలోకి వేలు చూపించి నవ్వించడం ఎందుకు? రాత్రి నిజంగా చూపించండి. వైశాఖంలో రాత్రి పది ప్రాంతంలో ఉత్తరాన సప్తర్షి మండలం ఎత్తుగా ఉంటుంది. అది గరిటెలా కనిపిస్తుంది, ఆ గరిటె కాడలో మూడు చుక్కలుంటాయి. నడిమి చుక్క వశిష్ఠుడు, ఆయనను ఆనుకుని మిణుకుమనేది అరుంధతి. మాఘంలో అయితే ఈశాన్యాన పైకి వచ్చేదాకా ఆగాలి. కార్తికంలో తెల్లవారుజామునే లేవాలి, కొత్త దంపతులను నేనైతే లేపను. డాబా తాళంచెవి మాత్రం మండపం కాపలాదారు దగ్గర సాయంత్రమే తీసి ఉంచుకోండి. తొమ్మిది దాటితే అతను దొరకడు.